ఉప్పో ఉప్పు: ఒక ఆర్కెస్ట్రావాడి చెట్ల పిచ్చి

నమ్మకం సంగతి ముందే తేల్చుకుందాం

నేను కోతలు కోస్తాను. ఈ సంగతి తెనాలి నుంచి రేపల్లె దాకా ఉన్న రైలు పట్టాలకి కూడా తెలుసు. రెండొందలమంది వచ్చిన ప్రోగ్రాముకి నా లెక్కలో రెండువేలమంది వస్తారు. మా ఆవిడ పక్కన లేకపోతే ఇరవైవేలమంది వస్తారు. తుంపర పడితే తుఫానంటాను, దోమ కుడితే దున్నపోతు పొడిచిందంటాను. కాబట్టి ఇందులో ఏది చదివినా పదితో భాగించుకోండి. మిగిలింది నిజం. ఏమీ మిగలకపోతే, అక్కడ నాకు మంచి ఊపు వచ్చిందని అర్థం చేసుకోండి.

ఇదంతా ఇప్పుడెందుకు రాస్తున్నానంటే, ఈ మధ్య కుర్రాళ్లు గిటార్లు తగిలించుకుని మా ఇంటికి వస్తున్నారు. "అంకుల్, మీరు ఆ రోజుల్లోనే పాప్ సింగరంట, క్లైమేట్ యాక్టివిస్టు కూడానంట! మేమూ ఆ లైన్లోకే వద్దామనుకుంటున్నాం, ఏమన్నా చెప్పండి" అంటున్నారు. బాబూ, ఆ రోజుల్లో ఆ పేర్లు మాకు తెలియవు. పాప్ సింగర్ని "ఆర్కెస్ట్రావాడు" అనేవాళ్లు. క్లైమేట్ యాక్టివిస్టుని "చెట్ల పిచ్చోడు" అనేవాళ్లు. రెండూ కలిసినవాడికి పిల్లనిచ్చేవాళ్లు కాదు. మా మావగారు ఇచ్చారంటే, నాకు చెట్ల పిచ్చి అంటుకోక ముందే ముహూర్తం పెట్టేశారు కాబట్టి.

పాట పాడటం ఆఖరి పని

పాటగాడి పని పాట పాడటం అనుకుని ఈ వృత్తిలోకి దిగకండి. స్పీకరు పెట్టెలు రేపల్లె పాసింజరులో ఎక్కించటం మొదటి పని. ఆ పెట్టెల మీద కూర్చున్న పెద్దావిణ్ణి, ఆవిడ కోడిపెట్టనీ కిందికి దించటం రెండో పని. పెళ్లింట్లో మన పంక్తి ఎప్పుడొస్తుందో కనిపెట్టుకుని, పప్పుచారు అయిపోకముందే కూర్చోవటం మూడో పని. ఇవన్నీ అయ్యాక ఓపికుంటే పాడటం.

ఎనభైల మొదట్లో నేను తెనాలిలో మాణిక్యాలరావుగారి ఆర్కెస్ట్రా పార్టీలో చేరాను. ఆయన మా లీడరు. అకార్డియన్ వాయించేవారు. మనిషి ఎంత బక్కపలచగా ఉండేవారంటే, అకార్డియన్ ఆయన్ని వాయిస్తున్నట్టుండేది. మా తెనాలిని ఆంధ్రా ప్యారిస్ అంటారు కదా, ఆ పేరు నిలబెట్టే పూచీ అంతా తన మీదే ఉందని ఆయన నమ్మకం. అందుకని మా అందరికీ తళుకుబిళ్లల చొక్కాలు కుట్టించారు. నా చొక్కా మెరుపుకి ఎదురుగా వచ్చే బస్సులు లైట్లు డిమ్ చేసేవి.

మొదటిరోజు నాకు చేసిన బోధ ఇది:

"ఒరే ప్రసాదూ, పాటలో మాట ఎవడికీ వినపడదురా. వినపడాల్సింది డ్రమ్ము. కనపడాల్సింది చొక్కా. మధ్యలో నువ్వెవడివి? ఆ రెండింటినీ కలిపే వైరువి."

ఇరవై ఏళ్ల కుర్రాడికి ఇలాంటి మాట చెప్తే మనసు విరుగుతుంది. నాకూ విరిగింది. కానీ ఆయన చెప్పింది అక్షరాలా నిజం. దాన్ని నిజమని ఒప్పుకోవటానికి నాకు ఇంకో పదేళ్లు పట్టింది, ఒక మంచినీళ్ల బావి పోయేంత పనయింది.

బాపట్ల మాస్టారు ఎక్కించిన పురుగు

బాపట్లలో ఒక కాలేజీ వార్షికోత్సవానికి వెళ్లాం. మా పాటలకి ముందు "రెండే రెండు మాటలు" చెప్తానని ఒక మాస్టారు స్టేజీ ఎక్కారు. చంకలో గొడుగు, కళ్లకి సీసాల అడుగంత మందం అద్దాలు. ఆ రెండు మాటలు ముగిసేసరికి మా తబలా ఆయనకి గడ్డం పెరిగింది. పిల్లలు ఈలలేస్తున్నారు, కాగితం విమానాలు విసురుతున్నారు. ఆయనకి ఇవేవీ పట్టలేదు. పొగ ఎక్కువై గాలి వేడెక్కుతోందనీ, గాలి వేడెక్కితే సముద్రం ఉబ్బుతుందనీ, తుఫానులకి బలుపు పెరుగుతుందనీ చెప్పుకుంటూ పోయారు.

అంతమందిలో ఆయన మాట విన్నది నేనొక్కణ్ణే. జ్ఞానం కోసం కాదు. మైకు నా చేతిలో ఉంది, ఎప్పుడు ఆపుతారా అని ఆయన నోటి వంకే చూస్తూ ఉండిపోయాను. అలా చూసీ చూసీ బుర్రకెక్కింది.

దిగాక అడిగాను. "సార్, సముద్రం పొంగితే ముందు ఏది మునుగుద్దండి?"

"రేపల్లె దిగువంతా."

"తెనాలండి?"

"తెనాలి తర్వాత."

"తర్వాతేగా!" అని కాస్త కుదుటపడ్డాను.

ఆ మాటకి ఆయనకి కోపమొచ్చి, మర్నాటి ఆదివారం నన్ను రేపల్లె అవతల మడ అడవికి పట్టుకెళ్లారు. సముద్రపు పోటు వచ్చిపోయే ఉప్పుబురదలో పెరిగే చెట్లవి. వేళ్లు కిందికి పోవటం మానేసి, గాలి కోసం బురదలోంచి పైకి పొడుచుకొచ్చి ఉంటాయి. "ఈ అడవి అడ్డం ఉంటే అల సగం చచ్చిపోతుందయ్యా. దీని వెనక ఉన్న బావుల్లో తీపి నీళ్లు ఊరతాయి. దీన్ని కొట్టావా, ఉప్పు నేరుగా ఊళ్లోకి నడిచొస్తుంది" అన్నారు. నేను నడుములోతు బురదలో ఉండి "అవునండి, అవునండి" అన్నాను. నా ప్రోగ్రాం తెల్లబూట్లు ఇప్పటికీ అక్కడే ఉన్నాయి. వాటిల్లో పీతలు మూడు తరాలుగా కాపురం చేస్తున్నాయి.

బూట్లు పోయాయి గానీ, పురుగు దూరింది. చెట్ల మీద పాట రాయాలని.

పెళ్లిలో ముంచిన సముద్రం

మొదటి పాట ఘోరం. ప్రళయం, హాహాకారాలు, తేలుతున్న పశువులు, అన్నీ పెట్టాను. దాన్ని ఎక్కడ పాడాలో తెలియాలి కదా! రేపల్లెలో ఒక పెళ్లి రిసెప్షన్లో, పెళ్లికూతురూ పెళ్లికొడుకూ పక్కపక్కన కూర్చుని దండలు సర్దుకుంటున్న సమయంలో, కళ్లు మూసుకుని అందుకున్నాను. కళ్లు తెరిచేసరికి ముందు వరసలో ఆడవాళ్లు కొంగులు నోట్లో కుక్కుకుని ఉన్నారు. పెళ్లికూతురి నానమ్మకి సోడా తాగిస్తున్నారు.

పెళ్లికూతురి తండ్రి స్టేజీ దగ్గరికొచ్చి చేతులు జోడించాడు. "బాబూ, అప్పగింతలప్పుడు ఎటూ ఏడుస్తాం. అందాకన్నా ఆగలేకపోయావా?"

రైల్లో మాణిక్యాలరావుగారు నా మొహం చూడలేదు. చినరావూరు దాటేదాకా అకార్డియన్ పెట్టెని ఒళ్లో పెట్టుకుని కిటికీలోంచి చూస్తూ కూర్చుని, అప్పుడు అన్నారు:

"నువ్వు చెప్పేది మంచిదే కావచ్చురా. కానీ జనాన్ని భయపెట్టావు. భయపడ్డవాడు ఇంటికెళ్లి తలుపేసుకుంటాడు గానీ చెట్టు దగ్గరికెందుకెళ్తాడు? వాళ్ల చేత గంతులేయించు. గంతులేసేవాడు నువ్వెటు లాగితే అటొస్తాడు."

నా వృత్తిలో నేను విన్న గొప్ప సలహా అది. నన్ను నిండా ముంచిన సలహా కూడా అదే.

హిట్టయింది, కొంప మునిగింది

తొంభైలు వచ్చేసరికి మా వైపు రొయ్యల గాలి వీచింది. చెరుకుపల్లి దాటి దిగువకి పోతే నిన్నటిదాకా వరి పండిన చేలు ఇవాళ చెరువులు. కాలవగట్టు మీద ఎవరు కనపడినా రొయ్యల మేత గురించే మాట. చివరికి మా ఇంటి వెనక కొబ్బరిచెట్టుకి కూడా రొయ్యలు కాస్తాయేమోనని పైకి చూసేవాణ్ణి. చెరువులకి ఉప్పునీళ్లు కావాలి, సముద్రపు పాయకి దగ్గరుండాలి. దాంతో మడచెట్ల మీద గొడ్డలి పడటం మొదలైంది.

నేను లీడరుగారి సలహా ప్రకారం గంతులేసే పాట కట్టాను.

*మడచెట్టు నరికేటి మావయ్యో*
*నీ మంచినీళ్ల బావిలోన చూడయ్యో*
*ఉప్పో ఉప్పు, ఉప్పో ఉప్పు*
*నీ బువ్వలోన ఉప్పు, నీ నవ్వులోన ఉప్పు!*

దీనికి కొత్తగా కొన్న కరెంటు డ్రమ్ముల దరువు. వేలితో తడితే చాలు, ఉరుములు ఉరిమేవి. పాట మొదటిసారి రేపల్లెలో పాడితే పందిరి గుంజలు కూడా ఊగాయి. వన్స్ మోర్ చీటీలు ఎన్నొచ్చాయంటే, వాటితో మా డ్రమ్ముల చిట్టిబాబు చలి కాచుకున్నాడు. పర్యావరణం గెలిచిందని నేను మా ఇంట్లో జీడిపప్పు ఉప్మా చేయించుకుని తిన్నాను.

వారం తిరక్కుండా మొదటి బుకింగు వచ్చింది. రొయ్యల చెరువు ప్రారంభోత్సవానికి!

వచ్చినాయన పేరు బసవయ్యగారు. భారీ మనిషి, తెల్ల పంచె, వేళ్లన్నిటికీ ఉంగరాలు. రేపల్లె దిగువన సగం చెరువులు ఆయనవే. "ఆ ఉప్పో ఉప్పు పాట ఉందే, అది పాడాలండి. మా చెరువులకి కావాల్సిందే ఉప్పునీళ్లు! మమ్మల్ని దృష్టిలో పెట్టుకుని ఎంత బాగా రాశారండీ!" అని నన్ను కావలించుకున్నాడు.

"అందులో అర్థం..." అని నేనేదో అనబోయాను.

"అర్థం దేనికండీ, ఊపుంటే!" అన్నాడాయన.

మాణిక్యాలరావుగారు నా వంక చూసి మీసాల్లో నవ్వుకున్నారు.

ఇంక చూసుకోండి. ఎక్కడ చెరువు తవ్వినా మా పాటే. మేత కొట్టు తెరిస్తే మా పాట. ఐస్ ఫ్యాక్టరీలో మా పాట. బాపట్లలో మా మాస్టారి కాలేజీ గేటు ముందే రొయ్యపిల్లల కంపెనీవాళ్ల జీపు మీద మా పాట! మాస్టారు గొడుగు అడ్డం పెట్టుకుని నన్ను చూడనట్టు వెళ్లిపోయారు. ప్రపంచంలో ఉద్యమకారుడు ఎవడైనా ప్రత్యర్థులకి జాతీయగీతం రాసిచ్చాడంటే అది నేనే.

కరుణ అడిగింది

మా పార్టీలో ఆడగొంతు కరుణది. పగలు రేపల్లెలో చిన్నపిల్లలకి టీచరు. ఆదివారం చర్చి కొయిర్లో పాడేది. మైకు లేకుండా ఆఖరి బెంచీ దాకా వినిపించటం ఆ పిల్లకి చిన్నప్పుడే వచ్చేసింది. ఆమె పుట్టిల్లు రేపల్లెకి దిగువన, మడ అంచున, పది ఇళ్ల పల్లె. నాన్న లేడు. అమ్మ ఒక్కతే ఉండేది. ఆ పల్లె మొత్తానికి ఒక్కటే మంచినీళ్ల బావి.

ఒకరోజు రేపల్లె స్టేషన్లో బల్ల మీద నా పక్కన కూర్చుని, పలకరింపూ ఏమీ లేకుండా అడిగింది.

"అన్నయ్యా, శనివారం బసవయ్యగారి కొత్త చెరువు పూజకి మనం వెళ్తున్నామా?"

"వెళ్తున్నాం. ఏం?"

"ఆ చెరువెక్కడో తెలుసా? మా బావి పక్కన. మడ కొట్టేసి తవ్వుతారంట. ఉప్పునీళ్లు నిలవేస్తే మా బావి ఎన్నాళ్లుంటది? అమ్మని రేపల్లె రమ్మంటే రాదు. నాన్న సమాధి అక్కడుంది, నేనక్కడే ఉంటానంటది. బావి పోతే ఏం తాగుద్ది?"

ఇరుకులో పడితే నేను జోకేస్తాను. "మన పాట వింటే ఆయన మనసు మారుద్దిలేమ్మా" అన్నాను.

కరుణ నా వంక చూసిన చూపుకి ప్లాట్ఫారం మీద కుక్క లేచి వెళ్లిపోయింది.

"నీ పాటకి ఊరంతా గంతులేసింది. ఒక్కడన్నా విన్నాడా? వెళ్లి అడిగినవాళ్లకి బసవయ్యగారు ఏం చెప్తున్నాడో తెలుసా? 'మీ ఊరి పిల్ల పాడిన పాటేనమ్మా, మీ పిల్లే మా చెరువులకి పాడుద్ది' అంటన్నాడంట. మా అమ్మ ముందు నేను తలెత్తుకోలేకపోతన్నా. నువ్వు రాసిందే కదా, నువ్వే చెప్పు, ఏం చెయ్యమంటావ్?"

"ప్రోగ్రాం మానేద్దాం" అన్నాను.

"మానేస్తే ఇంకో పార్టీ వస్తది. ఇదే పాట పాడుద్ది" అంది. అదీ నిజమే. ఆ పాట అప్పటికి చీరాల పార్టీలక్కూడా వచ్చేసింది.

మాణిక్యాలరావుగారికి చెప్తే, అకార్డియన్ మీద దుమ్ము తుడిచి, "వెళ్దాం. ఏం పాడాలో మీరు చూసుకోండి. నేను మాత్రం వాయిస్తా" అన్నారు. బుకింగు చేసినవాడికి వ్యతిరేకంగా మాట్లాడటం ఆయన జీవితంలో అదొక్కసారే.

ట్రాక్టరు ట్రక్కు మీద

శనివారం సాయంత్రం నాలుగింటికి మడ అంచున ఉన్న ఆ పల్లెకి వెళ్లాం. స్టేజీ అంటే ట్రాక్టరు ట్రక్కే, కరెంటంటే మా జనరేటరే. పక్కన తవ్వే పొక్లెయిన్, దాని తొండానికి బంతిపూల దండ, నుదుటి మీద బొట్టు. ఏనుగుని చూసినట్టు పిల్లలు దాని చుట్టూ తిరుగుతున్నారు. జనం ఐదారు లక్షలు ఉంటారు. సరే, మూడొందలు. కరుణ వాళ్లమ్మ బావి గట్టు మీద బిందె పక్కన పెట్టుకుని కూర్చుంది. బసవయ్యగారి తల్లి ముందు వరసలో కుర్చీలో ఉంది. ఎనభై దాటిన మనిషి, చేతిలో కర్ర.

"ఇంక కానివ్వండి, మన పాట!" అని బసవయ్యగారు చెయ్యి ఊపాడు.

కరెంటు డ్రమ్ములు ఉరిమాయి. నేను మొదటి చరణం అందుకున్నాను. జనం లేచారు. దుమ్ము లేచింది. బసవయ్యగారు పంచె ఎగ్గట్టి, రెండు చేతులూ పైకెత్తి "ఉప్పో ఉప్పు" అంటూ ఊగుతున్నాడు. పొక్లెయిన్ డ్రైవరు హారన్‌తో తాళం వేస్తున్నాడు. చరణం అయ్యాక పల్లవి కరుణ అందుకుంది.

అప్పుడు నేను ఒక పని చేశాను. ట్రాఫిక్ పోలీసులా కుడిచెయ్యి పైకెత్తాను. ఒక్క దెబ్బకి అన్నీ ఆగిపోయాయి. డ్రమ్ములు, కీబోర్డు, స్పీకర్లు. గాలి కూడా ఆగిందని ఇప్పటికీ నా అభిప్రాయం.

కరుణ ఆగలేదు. మైకు కింద పెట్టింది. చర్చిలో సమాధి చేసేముందు పాడే పాటలా, నిదానంగా, ఒక్కో మాటా విడివిడిగా పాడింది. మాణిక్యాలరావుగారు వెనకనుంచి అకార్డియన్ మీద ఒకే ఒక స్వరం సన్నగా పట్టుకున్నారు.

*నీ... మంచినీళ్ల... బావిలోన... చూడయ్యో...*

ఎత్తిన చేతులు ఎత్తినట్టే ఉండిపోయాయి. గంతు మధ్యలో ఆగినవాళ్లకి కాలు ఎక్కడ పెట్టాలో తెలియలేదు. అలవాటు కొద్దీ బసవయ్యగారొక్కడే ఇంకా తలూపుతున్నాడు.

వాళ్లమ్మ కర్రతో ఆయన పిక్క మీద ఒకటి వేసింది.

"ఏరా! ఆ పిల్ల నిన్ను తిడతా ఉంటే తలూపుతావేంట్రా?"

"అమ్మా, అది మన పాటే..."

"ఏడిశావ్. మళ్లీ పాడు తల్లీ, మొదట్నించీ."

కరుణ మొదటినుంచీ పాడింది. ముసలమ్మ చివరిదాకా విని, లేచి, కర్ర పోటేసుకుంటూ బావి గట్టు దాకా నడిచింది. కరుణ వాళ్లమ్మ బిందె వంచి దోసిట్లో పోసింది. ముసలమ్మ తాగింది. మూతి తుడుచుకుని కొడుకుని పిలిచింది. "నేను కాపురానికొచ్చినప్పుడు కోతల్లో ఈ నీళ్లే తాగాం. నువ్వు కడుపులో ఉన్నప్పుడూ ఇయ్యే. దీంట్లో ఉప్పు పోస్తావా?"

మూడొందలమంది ఎదుట, బొట్టుపెట్టిన పొక్లెయిన్ సాక్షిగా, ఉంగరాల చేతుల్ని ఏం చెయ్యాలో తెలియక బసవయ్యగారు పంచె కిందికి దించుకున్నాడు. "సరేలేమ్మా, పదిమందిలో ఎందుకు... కాలవ అవతలికి పోదాంలే" అన్నాడు. పొక్లెయిన్ అదే దండతో వెనక్కి తిరిగింది.

లాభనష్టాలు

ఆ ఒక్క బావి బతికింది. ఆ ఒక్క పట్టీ మడ బతికింది. అంతే. కాలవ అవతల చెట్లు పోయాయి. అక్కడ బావులున్నవాళ్లకి మా పార్టీలో పాడే కూతురు లేదు. కొన్నేళ్లకి రొయ్యలకి తెగులొచ్చి చెరువులు ఎండబెట్టేశారు. ఆ నేలలో వరి రాలేదు, మడ రాలేదు. పాట రాసి సముద్రాన్ని ఆపానని ఎవడైనా మీకు చెప్తే, ఆ మనిషి నాకంటే పెద్ద కోతలరాయుడని గుర్తుపట్టండి.

మాకు బుకింగులు కూడా ఎండిపోయాయి. కరుణ వాళ్లమ్మ మాత్రం బతికినన్నాళ్లూ ఆ నీళ్లే తాగింది.

ఈ పనిలోకి వచ్చేవాళ్లకి నేను చెప్పగలిగింది కొంచెమే. జనాన్ని గంతులేయించటం తప్పు కాదు, కానీ గంతు వేసేవాడు వినడు. ఎక్కడో ఒకచోట దరువు ఆపాలి. అది ఎక్కడో ముందుగా తెలిసినవాడు గొప్పవాడు.

నేను కల్పించింది

ఆ గొప్పవాణ్ణి నేను కాదు. లక్షలు, పీతలు, కుక్క, వీటన్నిటినీ మీరే భాగించుకోండి. పూర్తిగా అబద్ధం మాత్రం ఒక్కటే. నేను చెయ్యెత్తలేదు.

జనరేటరు ఆగిపోయింది.

డీజిల్ పొయ్యటం మర్చిపోయాడు మా జనరేటరు నాగూరు. డ్రమ్ములు, స్పీకర్లు చచ్చిపోగానే ప్రోగ్రాం పోయిందని నేను ట్రక్కు మీంచి దూకి, అవతల చింతతోపు వెనకున్న జనరేటరు దగ్గరికి పరిగెత్తాను. నాగూరు కాలరు పట్టుకుని తెలిసిన తిట్లన్నీ తిట్టాను. వాడు డీజిల్ పోసి తాడు లాగుతున్నాడు, నేను తిడుతున్నాను. ఇద్దరం కలిసి దాన్ని బతికించి, ఆయాసపడుతూ తిరిగొచ్చేసరికి ముసలమ్మ బావి దగ్గర మూతి తుడుచుకుంటోంది. కరుణ పాడింది నేను వినలేదు. మీకు చెప్పిందంతా మాణిక్యాలరావుగారు రైల్లో నాకు చెప్పింది. చెప్తూ ఆయన కళ్లద్దాలు తీసి తుడుచుకున్నారు.

నేను రాసిన పాట ఒక్కసారే పాటయింది. అప్పుడు నేను డీజిల్ వాసనలో ఉన్నాను.

తర్వాత కరుణని ఎన్నిసార్లు బతిమాలానో. "అమ్మా, ఆ రోజు పాడినట్టు ఒక్కసారి పాడమ్మా, వింటాను" అంటే, ఆ పిల్ల ఇప్పటికీ నవ్వి తప్పించుకుంటుంది.

"ఇప్పుడు కరెంటు ఉందిగా అన్నయ్యా."